ఎమ్మిగనూరు ఎద్దుల సంత: ఎప్పుడు పోవాలి, ఎక్కడ దిగాలి, ఎట్లా కొనాలి

ఎద్దులు చూడాలనుకునేవాళ్ళు తేరు రోజు ఎమ్మిగనూరు పోవద్దు. కర్నూలు జిల్లాలోని ఈ ఊళ్ళో ఎద్దుల సంత నీలకంఠేశ్వర స్వామి జాతరతో పాటే, ఆ జాతర పుష్య మాసంలో, పౌర్ణమిని పట్టుకుని జరుగుతుంది. తేరు లాగే రోజు ఊరంతా జనమే. బస్టాండు నుంచి గుడి దాకా నడిచేసరికి సగం పొద్దు పోతుంది, ఇక సంతలో నింపాదిగా ఒక జతను నడిపించి చూసే ఓపిక ఎవరికీ ఉండదు. తేరుకు అటూ ఇటూ ఉండే రోజులే ఎద్దులవి. ఈ ఏడాది సంత ఏ రోజుల్లో నిండుతుందో ఊళ్ళో తెలిసిన రైతునో, ఎద్దుల లారీ డ్రైవరునో ముందే అడిగి తెలుసుకోండి. తేదీ ఏటా మారుతుంది కూడా. 2024లో పుష్య పౌర్ణమి జనవరి 25న పడితే, 2025లో జనవరి 13న, భోగి నాడే వచ్చింది. అట్లా సంక్రాంతితో కలిసిన ఏడాది హైదరాబాదు, బెంగళూరు బస్సుల్లో సీటు దొరకడమే కష్టం. పంచాంగం చూసిన తరువాతే టికెట్టు చూడాలి.

ఊరికి రైలు లేదు. దగ్గరి స్టేషన్లు రెండూ గుంతకల్లు–రాయచూరు లైనులో ఉన్నాయి: ఆదోని, మంత్రాలయం రోడ్డు. రెండోదాని పేరు చూసి మోసపోవద్దు. ఆ స్టేషన్ నుంచి మంత్రాలయమే 16 కి.మీ., అక్కడి నుంచి ఎమ్మిగనూరు ఇంకో పాతిక దాకా ఉంటుంది. ఆదోనిలో దిగితే సుమారు 30 కి.మీ., ఒకే బస్సు. కర్నూలు నుంచి వచ్చేవాళ్ళకు కోడుమూరు, గోనెగండ్ల మీదుగా ఆర్టీసీ బస్సులున్నాయి, దాదాపు రెండు గంటల దారి. ఎమ్మిగనూరులో డిపో ఉంది కాబట్టి పగటిపూట బస్సుకు ఇబ్బంది లేదు. రాత్రి పొద్దుపోయాక పల్లెలకు పోవాలంటే మాత్రం ఆటో బేరమే, ఆ బేరం ఎక్కకముందే తేల్చుకోవాలి.

బస విషయంలో మూడు దారులున్నాయి, మూడూ వేర్వేరు మనుషులకు. కొనడానికి వచ్చినవాళ్ళు ఎమ్మిగనూరులోనే ఉండాలి, ఎందుకంటే మంచి జతల బేరాలు తెల్లవారి ఎండెక్కకముందే అయిపోతాయి. బస్టాండు చుట్టుపక్కల లాడ్జిలు మామూలు రకం. మంచం, ఫ్యాను, పొద్దున బకెట్టు వేడినీళ్ళు వస్తే అదే గొప్ప. జాతర రోజుల్లో అద్దె పెంచేస్తారు, ఫోనులో చెప్పిన మాట మీద గది ఆపుతారన్న నమ్మకం లేదు. డబ్బు పంపి రసీదు తెప్పించుకున్నాకే బయలుదేరాలి. గది తీసుకునేటప్పుడు కిటికీ ఎటువైపు ఉందో చూడండి. వీధి వైపు గదిలో మైకుల మోతకు తెల్లవార్లూ నిద్ర ఉండదు.

కుటుంబంతో వచ్చేవాళ్ళకు మంత్రాలయం నయం. రాఘవేంద్ర స్వామి మఠం వసతి గృహాలున్నాయి, శుభ్రంగా ఉంటాయి, ఉచిత అన్నప్రసాదం ఉంది. కాని గురువారం, శ్రావణంలో ఆరాధన రోజులు తప్పించుకోవాలి. బృందావన దర్శనానికి మగవాళ్ళు చొక్కా విప్పి పోవాలి, పంచె, ఉత్తరీయం వెంట ఉంటే వరుసలో తడబాటు ఉండదు. ఆదోనిలో లాడ్జిలు ఎక్కువ, పత్తి వ్యాపారం ఊరు కాబట్టి హోటళ్ళూ ఎక్కువే. రైలు పట్టుకోవాల్సిన చివరి రాత్రికి అది సరిపోతుంది, సంత చూసే రోజుల్లో మాత్రం రోజూ అటూ ఇటూ తిరగడం దండగ. రైతులు చేసేది వేరు: చొప్ప మోపుల పక్కన గోనెసంచులు పరుచుకుని ఎద్దుల దగ్గరే పడుకుంటారు. జనవరి చలికి మందపాటి దుప్పటి లేకపోతే ఆ పని పెట్టుకోవద్దు. సంత మైదానంలో ఆడవాళ్ళకు మరుగుదొడ్ల వసతి చాలదు. ఇది ఎన్నేళ్ళుగానో ఉన్న లోటే.

తిండికి లోటు లేదు. పొద్దున ఉగ్గాని (బొరుగుల ఉప్మా), మిరపకాయ బజ్జి, మధ్యాహ్నం జొన్నరొట్టె, వంకాయ కూర, బుడ్డల (వేరుశనగ) పొడి. రొట్టె ఎదురుగా తట్టి కాల్చే చోటే తినండి, పొద్దున చేసి దొంతర పెట్టిన రొట్టె పదింటికల్లా అట్టముక్కే. నీళ్ళు మాత్రం సీసాలోవే తాగాలి. మైదానంలో ట్యాంకరు నీళ్ళు పశువులకు.

ఇక సంత. ఇక్కడికి కర్ణాటక వైపు నుంచీ, తెలంగాణ నుంచీ కొనేవాళ్ళు వస్తారు. పడమటి కర్నూలు పల్లెల్లో వానలు తప్పిన ఏడాది అమ్మేవాళ్ళు ఎక్కువ. పండిన చొప్ప చాలదు, పైగా సుగ్గికి (వలస కూలికి) గుంటూరు వైపు మిరపకోతలకు పోయే కుటుంబాలకు ఇంటి దగ్గర పశువులను మేపే మనిషి ఉండడు. అట్లాంటి ఏడాదిలో బక్కచిక్కిన మంచి ఎద్దులు తక్కువకు దొరుకుతాయి. బక్కదనానికీ జబ్బుకూ తేడా తెలిసినవాడికే ఆ లాభం.

చూడాల్సింది ముందు నోరు. పశువుకు ముందు పండ్లు కింది దవడకే ఉంటాయి, ఎనిమిది. మొదటి జత పాలపండ్లు రాలి పెద్దవి వచ్చేది రెండు, రెండున్నర ఏళ్ళకు. తరువాత నాలుగు పండ్లు, ఆరు పండ్లు, నాలుగున్నర నుంచి ఐదేళ్ళకు కడపండ్లు, అంటే చివరి జత. అక్కడి నుంచి అరుగుదలే లెక్క. అమ్మేవాడు ‘ఆరు పండ్లే’ అంటే నాలుక పక్కకు లాగి చివరి జత కూడా చూడండి. కొమ్ములు గీకి నూనె రాస్తే ముసలి ఎద్దు కూడా పడుచుగా కనబడుతుంది, కాబట్టి కొమ్ము చూసి వయసు కట్టొద్దు. ఉప్పు నాకించి కడుపు నిండా నీళ్ళు తాగిస్తే డొక్కలు పూడి ఒళ్ళు వచ్చినట్టు ఉంటుంది. అందుకే పొద్దున చూసిన జతను సాయంత్రం మళ్ళీ చూడాలి.

తరువాత నడక. దుమ్ము నేలలో కుంటు కనబడదు, తారు రోడ్డు మీదికి తెచ్చి నడిపించాలి. ముందు కాలు నేల తాకగానే తల పైకి ఎగిరిందంటే ఆ కాలు నొప్పి ఉన్నట్టే. గిట్టల మధ్య వేలు పెట్టి చూడండి, లాడం కొత్తగా కొట్టి ఉంటే ఎందుకు కొట్టారో అడగండి. మెడ మీద కాడి ఆనే చోట వెంట్రుకలు తెల్లబడి ఉంటే పాత పుండు మానిన గుర్తు, అది పెద్ద తప్పు కాదు. చేయి వేయగానే చర్మం వణికి మెడ దించేస్తే పుండు లోపల ఇంకా ఉంది.

జత కొనేవాళ్ళు ఎక్కువగా దెబ్బతినేది వలపటి (కుడి), దాపటి (ఎడమ) దగ్గర. కుడి వైపు అలవాటైన ఎద్దును ఎడమ వైపు కడితే అది కాడిని లోపలికి నెడుతుంది, నాగలి సాలు తప్పుతుంది. దళారులు ఎత్తూ రంగూ కలిసిన రెండు వలపటి ఎద్దులను తెచ్చి జతగా చూపిస్తారు. ఖాళీ కాడితో నడిపించి ‘చూడండి ఎంత కుదురో’ అంటారు. ఖాళీ కాడి కింద ఏ ఎద్దైనా కుదురే. బండికి కట్టించి, నలుగురు మనుషులను ఎక్కించి, మెత్తటి నేలలో ముందుకు లాగించి, వెనక్కి కూడా నెట్టించాలి. వెనక్కి నెట్టేటప్పుడే సగం జతల గుట్టు బయటపడుతుంది. అమ్మేవాడు బండి కట్టనంటే ఆ జతను వదిలేయడమే. బండలాగుడు పోటీలకు కొనేవాళ్ళ లెక్క వేరే, పోటీలు పండ్లను బట్టి విభాగాలుగా జరుగుతాయి కాబట్టి వాళ్ళకు పండు ఒకటి మారితే ధరే మారిపోతుంది. సేద్యానికి కొనేవాళ్ళు ఆ ధరలు విని బెదరాల్సిన పని లేదు.

బేరం ఇప్పటికీ తువ్వాలు కిందే, చేతులు కప్పి వేళ్ళు పట్టి ధర చెప్పుకుంటారు. ఇది మగ్గాల ఊరు, 1938లో మాచాని సోమప్ప చేనేత సహకార సంఘం పెట్టిన చోటు. తువ్వాళ్ళకు కొదవ లేదు, దాని కింద పట్టే వేళ్ళ అర్థమే తెలియాలి. ఒక వేలంటే వెయ్యా, పది వేలా అన్నది ఎవరూ చెప్పరు, అందరికీ తెలుసనే అనుకుంటారు. కొత్తవాళ్ళు చేయి పెట్టకముందే ‘వేలుకు ఎంత?’ అని అడిగేయాలి. దళారికి రెండు వైపులా కమీషను ఉంటుంది, మీ వాటా ఎంతో బయానా ఇచ్చేముందే తేల్చుకోండి. బయానా ఇచ్చాక ముకుతాడు, పగ్గాలు ఎవరివన్న తగవు తప్పకుండా వస్తుంది. గంటలు, గజ్జెలు అమ్మేవాడు విప్పుకుంటాడు, తాళ్ళు పశువుతో ఇవ్వడం మర్యాద.

డబ్బు చేతులు మారాక సంత రసీదు తీసుకోండి, చెవి పోగు (ట్యాగు) మీది 12 అంకెల నంబరు అందులో రాయించండి. పోగు లేని పశువుకు గాలికుంటు (నోటికీ గిట్టలకూ పుండ్లు వచ్చే అంటుజబ్బు) టీకా ఎప్పుడు వేశారో తెలిసే దారి లేదు. లారీ ఎక్కించాలంటే పశువైద్యుడి ఆరోగ్య ధ్రువపత్రం కావాలి. 1978 నాటి పశు రవాణా నిబంధనల ప్రకారం మామూలు సరుకుల లారీలో పెద్ద పశువులు ఆరుకు మించకూడదు. పది ఎక్కిస్తే కిరాయి కలిసొస్తుందని డ్రైవరు అంటాడు. దారిలో ఆపితే పశువులూ మీరూ రోడ్డు మీదే. లారీ అడుగున ఇసుకో వరిగడ్డో మందంగా పరిపించి, పశువుల తలలు ఇంజను వైపు ఉండేలా కట్టించండి. వట్టి రేకు మీద మొదటి బ్రేకుకే కాళ్ళు జారతాయి, పడిన ఎద్దును నడిచే లారీలో లేపడం అయ్యే పని కాదు. ఎక్కించేముందు కడుపు నిండా మేత పెట్టొద్దు, నీళ్ళు పెట్టండి. తోలుకుని నడిచిపోయేవాళ్ళు దారిలో కోసిన జొన్నచేల పిలకలు మేయనివ్వొద్దు. లేత పిలకల్లో విషం ఉంటుంది, ఆకలిగొన్న పశువు గంటలోపే నురగ కక్కి పడిపోవచ్చు. పశువుల అంబులెన్సుకు ఫోను చేయాల్సిన నంబరు 1962.

సంతలో పని తొందరగా తెమిలితే చుట్టుపక్కల చూడదగ్గవి కొన్ని ఉన్నాయి. పశువుల మీద ఆసక్తి ఉన్నవాళ్ళు దగ్గరలోని బనవాసి కృషి విజ్ఞాన కేంద్రానికి పనిదినాల్లో, ముందు ఫోను చేసి పోవచ్చు. గోనెగండ్ల దగ్గర హంద్రీ మీద కట్టిన గాజులదిన్నె ప్రాజెక్టు సాయంత్రానికి బాగుంటుంది, కాని అక్కడ టీ కూడా దొరుకుతుందన్న నమ్మకం లేదు. కౌతాళం మండలంలోని ఉరుకుంద ఈరన్న గుడికి జనవరిలో పోతే ప్రశాంతంగా దర్శనం అవుతుంది, శ్రావణంలో అయితే నిలబడే చోటుండదు. ఆదోని కోటకు ఎండెక్కకముందే ఎక్కాలి, పైన నీడ తక్కువ.

ఇంటికి తెచ్చిన ఎద్దులను మూడు వారాలు పాత పశువులతో కలపొద్దు, నీళ్ళ తొట్టి కూడా వేరే ఉండాలి. గాలికుంటు సోకిన పశువు రెండు వారాల దాకా పైకి బాగానే ఉండొచ్చు. వచ్చిన రోజే ఒళ్ళు పెంచాలని ఉలవలు, గానుగ చెక్క దండిగా పెడితే కడుపు ఉబ్బుతుంది. మొదటి రెండు రోజులు వట్టి చొప్పే వేసి, మూడో రోజు నుంచి దాణా పిడికెడు పిడికెడుగా పెంచుకుంటూ పోవాలి. కాడి కట్టేది వారం తరువాతే.