సుషీ కిట్‌తో తిరుపతి వంటింట్లో రొయ్యల రోల్: ఏది పనికొస్తుంది, ఏది పక్కన పెట్టాలి

సుషీ అంటే వెనిగర్ కలిపిన అన్నంతో చేసే జపాన్ వంటకం. దానికి ఆన్‌లైన్‌లో దొరికే స్టార్టర్ కిట్ తెరిస్తే వెదురు చాప, పది నోరి షీట్లు (రోల్ చుట్టే ఎండు సముద్రపు నాచు రేకులు), అరకిలో జపాన్ రకం బియ్యం, చిన్న సీసాలో రైస్ వెనిగర్, సోయా సాస్, వసాబి (ఘాటైన పచ్చరంగు ముద్ద) ట్యూబు, కారం సాస్ ప్యాకెట్, ఒక సూచనల కార్డు ఉంటాయి. వీటిలో డబ్బుకు తగినవి మూడే: చాప, నోరి, బియ్యం. కారం సాస్, కార్డు రెండూ పక్కన పెట్టేయండి. కార్డులో చెప్పినట్టే చేస్తే మొదటి రోల్ ముద్దయిపోతుంది, తప్పు మీ చేతిది కాదు.

ముందు బియ్యం సంగతి. సోనామసూరితో సుషీ రాదు. గింజకు గింజ అంటుకోవాలంటే అందులో అమైలోపెక్టిన్ అనే పిండిపదార్థం ఎక్కువుండాలి. గింజ పొట్టిదైతే చాలనుకోవద్దు. చిట్టిముత్యాలు పొట్టివే అయినా ఉడికాక పొడిపొడిగానే ఉంటాయి. కిట్‌లో బియ్యం ఇవ్వడం అందుకే మేలు. కానీ కార్డు ఒక కప్పు బియ్యానికి ఒకటిన్నర కప్పు నీళ్లు పోయమంటుంది, అది ఎక్కువ. నాలుగైదు సార్లు, నీళ్లు దాదాపు తేటయ్యేదాకా కడిగి, అరగంట నానబెట్టి, చిల్లుల గిన్నెలో పూర్తిగా వార్చాలి. తర్వాత కప్పుకు ఒక కప్పు, మరో రెండు చెంచాల నీళ్లు చాలు. మూత బిగుతుగా ఉన్న మందపాటి గిన్నెలో పొంగు రానిచ్చి, సన్నటి సెగ మీద 12 నిమిషాలు, స్టవ్ ఆపాక మూత తీయకుండా మరో 10 నిమిషాలు ఉంచండి. గంజి వార్చే అలవాటు ఇక్కడ పనికిరాదు, వార్చితే అంటుకునే గుణం గంజితోనే పోతుంది.

అరకిలో బియ్యానికి 75 మి.లీ. రైస్ వెనిగర్, 40 గ్రాముల చక్కెర, 10 గ్రాముల ఉప్పు. కొద్దిగా వేడి చేసి కరిగిస్తే చాలు, మరిగించొద్దు. కిరాణా కొట్లో దొరికే తెల్ల సింథటిక్ వెనిగర్ అదే కొలతలో పోస్తే ఘాటు గొంతు పట్టుకుంటుంది. అన్నాన్ని స్టీలు బేసిన్‌లోకి తీసి, వేడి మీదే వెనిగర్ చల్లి, అన్నం గరిటెను కత్తిలా నిలువుగా దించుతూ కలపాలి. గుండ్రంగా తిప్పితే మెతుకు నలిగి జిగురవుతుంది. అల్యూమినియం గిన్నె మాత్రం వద్దు, పులుపు లోహాన్ని తింటుంది.

తిరుపతి ఎండాకాలంలో ఎక్కువగా చెడేది ఇక్కడే. వేడి గాలి కొట్టే సీలింగ్ ఫ్యాన్ కింద పెడితే పైమెతుకులు ఎండి గట్టిపడతాయి, లోపల మాత్రం వేడి అలాగే ఉంటుంది. విసనకర్రతో ఐదారు నిమిషాలు విసిరి, పిండిన తడిగుడ్డ కప్పి, ఒంటి వెచ్చదనానికి వచ్చాక వాడండి. తొందరపడి ఫ్రిజ్‌లో పెడితే అన్నం బిరుసెక్కుతుంది, రోల్ కోసేటప్పుడు విరిగిపోతుంది.

రొయ్యల విషయంలో కిట్ కార్డుతో అసలు ఏకీభవించలేం. పచ్చి చేప, పచ్చి రొయ్య వాడొచ్చని ఒక్క ముక్కలో తేల్చేసింది. తిరుపతికి ఇవి నెల్లూరు వైపు నుంచో చెన్నై నుంచో ఐసులో వస్తాయి, కూరకు కొనే సరుకు పచ్చిగా తినడానికి ఉద్దేశించింది కాదు. పచ్చి చేపలో పరాన్నజీవులు చావాలంటే మైనస్ 20 డిగ్రీల్లో ఏడు రోజులు ఉండాలి. ఇంటి ఫ్రీజర్ ఆ చలిని నిలకడగా ఇవ్వదు, ఇచ్చినా బ్యాక్టీరియా చావదు. కాబట్టి ఉడికించినవే వాడండి.

కిలోకు 40 తూగే రొయ్యలు అరకిలోకు కాస్త పైగా చాలు. పొట్టు, నల్ల నరం తీసి, పొట్టవైపు నుంచి తోకదాకా సన్నటి పుల్ల గుచ్చండి. లేకపోతే ఉడికేటప్పుడు చుట్టుకుపోయి రోల్‌లో నిటారుగా పడవు. ఉప్పు వేసిన మరిగే నీళ్లలో రెండు మూడు నిమిషాలు, రంగు మారి కండ తెల్లబడగానే ఐసు నీళ్లలోకి. పుల్ల లాగేసి, పొట్టవైపు చీల్చి పరిచి, గుడ్డతో తడి అద్దండి. ఈ తడి మిగిలితే నోరి పది నిమిషాల్లో తోలులా సాగుతుంది. సూళ్లూరుపేట వైపు నుంచి పులికాట్ పీత దొరికితే ఉడికించి, కండ పీకి, గట్టిగా పిండి అలాగే వాడొచ్చు. రుచిలో రొయ్య కన్నా ఒక మెట్టు పైనే.

ప్యాకెట్ సాస్ నీళ్లలా ఉంటుంది, తీపి ఎక్కువ. ఆరు ఎండుమిర్చి వేడి నీళ్లలో 20 నిమిషాలు నానబెట్టి, మూడు వెల్లుల్లి రెబ్బలు, చెంచా వెనిగర్, ఉప్పుతో గట్టిగా నూరండి. అందులో ఒక పెద్ద చెంచా తీసి నాలుగు పెద్ద చెంచాల మయోనైజ్‌లో కలపండి. జపాన్ వంటల్లో వేసే నువ్వుల నూనె వేయించిన నువ్వులది, మన గానుగ నూనెకు ఆ వాసన రాదు. బదులుగా దోరగా వేయించిన నువ్వుల పొడి ఒక చెంచా వేస్తే సరిపోతుంది. సాస్‌ను లోపల పూయొద్దు, కోసిన ముక్కల మీద చుక్కలుగా పెట్టండి.

చాపకు ప్లాస్టిక్ కవరు చుట్టి, నోరి గరుకు వైపు పైకి ఉంచి, వెనిగర్ నీళ్లు అద్దిన వేళ్లతో 150 గ్రాముల అన్నం పరచండి. అవతలి అంచున రెండు సెంటీమీటర్లు ఖాళీ వదలాలి. ఇవతలి అంచుకు దగ్గరగా మూడు రొయ్యలు వరసగా, పక్కన కీరా, అవకాడో బదులు దోరమాగిన తోతాపురి సన్న ముక్కలు. చిత్తూరు మామిడి సీజన్‌లో ఈ పుల్లటి తీపి రొయ్యకు అతికినట్టుంటుంది. బాగా పండిన బేనీషా (బంగినపల్లి) అయితే రసం కారి రోల్ జారిపోతుంది. చుట్టేటప్పుడు మొదటి మలుపే బిగువుగా రావాలి, అక్కడ వదులైతే తర్వాత ఎంత నొక్కినా మధ్యలో ఖాళీ ఉండిపోతుంది. కోతకోతకీ కత్తిని తడిగుడ్డతో తుడిచి, ముందు సగం చేసి, ఆపైన ఎనిమిది ముక్కలు చేయండి. పైన దంచిన శెనక్కాయలు, తినే ముందు కాస్త కారాబూందీ. ఊరుబిండి (శెనక్కాయల పచ్చడి) గట్టిగా నూరి కారం సాస్ బదులు పెట్టినా బాగుంటుంది, అప్పుడు సోయా సాస్ ముంచొద్దు, ఉప్పు మించిపోతుంది.

కిట్‌లో ఒక లెక్క తప్పింది. అరకిలో బియ్యం ఉడికితే కిలోకు కొంచెం పైగా అన్నం, అంటే ఏడు రోల్స్. నోరి మాత్రం పది. మిగిలిన మూడు షీట్లను వాటితో వచ్చిన, తేమ పీల్చే సిలికా ప్యాకెట్ సహా గాలి చొరని డబ్బాలో పెట్టండి. మెత్తబడితే సన్న మంట మీద రెండు వైపులా రెండేసి సెకన్లు చూపిస్తే కరకరలాడతాయి. వసాబి అని రాసిన ట్యూబులో చాలావరకు రంగు వేసిన హార్స్‌రాడిష్ అనే ఘాటు దుంప ఉంటుంది, దాని కోసం ఎక్కువ ధర పెట్టక్కర్లేదు. చేసిన రోల్స్ రెండు గంటల్లో, మే నెల ఎండల్లో అయితే గంటలోపే తినేయండి. రెండోసారికి కిట్ అక్కర్లేదు, నోరి, బియ్యం, వెనిగర్ విడిగా తెప్పించుకోండి.