అడుగు ఊడొచ్చే టార్ట్ టిన్: హన్మకొండ వంటగదిలో మూడేండ్ల వాడకం

మూడేండ్ల కింద 9 అంగుళాల టార్ట్ టిన్ ఒకటి ఆన్‌లైన్‌లో తెప్పించుకున్నాను. టార్ట్ అంటే మైదా, వెన్న కలిపిన పిండిని టిన్‌లో గిన్నెలా పరిచి, లోపల ఏదైనా నింపి కాల్చేది. ఆ పిండి గిన్నెనే క్రస్ట్ అంటారు. చుట్టూ కుచ్చుల అంచు, అడుగు పళ్లెం విడిగా ఊడొచ్చే రకం. కార్బన్ స్టీలు, పైన నాన్‌స్టిక్ పూత. ఇంట్లో 28 లీటర్ల ఓటీజీ (చిన్న కరెంటు ఓవెన్) అప్పటికే ఉంది కానీ అందులో కేకులు తప్ప ఇంకేం చేసింది లేదు. ఇప్పుడు నెలకు రెండుసార్లయినా కూరగాయల టార్ట్ కాలుస్తున్నాను. టిన్‌కు పిండిని వేళ్లతో ఒత్తుతుంటే మొదటిసారి మా అత్తమ్మ చూసి "ఇది ఇంగ్లీషోళ్ల సర్వపిండా?" అని అడిగింది. ఇంట్లో ఇప్పటికీ దాని పేరు అదే.

అడుగు ఊడటం వల్ల లాభమేంటో మొదటి రోజే తెలిసింది. కాలిన టిన్‌ను చక్కెర డబ్బా మీద పెడితే రింగు కిందికి జారిపోతుంది, టార్ట్ విరగకుండా పళ్లెం మీద నిలుస్తుంది. అంతకుముందు కేకు గిన్నెలో చేసినప్పుడు బోర్లించే వీల్లేక గరిటెతో తవ్వి వడ్డించాను. అది టార్ట్ కాదు, గుడ్డు పొరటు.

ఇబ్బంది కూడా ఆ అడుగుతోనే. రింగుకు, పళ్లేనికి మధ్య సన్నని సందుంటుంది. వేడికి వెన్న అందులోంచి కారి కింది కాయిల్ మీద పడి ఇల్లంతా పొగ. అప్పటి నుంచి ఓటీజీ వేడెక్కేటప్పుడే లోపల ట్రే పెట్టి, దాని మీద టిన్ పెడుతున్నాను. వెన్న ట్రేలో పడుతుంది, ట్రే వేడికి క్రస్ట్ అడుగు కూడా బాగా కాలుతుంది.

అసలు పరీక్ష మన ఎండలది. నా కొలత 200 గ్రాముల మైదాకు 100 గ్రాముల వెన్న, మూడు నాలుగు చెంచాల ఐసు నీళ్లు. వెన్న పిండిలో చిన్న చిన్న ముక్కలుగానే మిగలాలి. ఓవెన్‌లో అవి కరిగి, అందులోని నీరు ఆవిరైతేనే పొరలు విడతాయి. మన దగ్గర మే నెలలో బయట 43, 44 డిగ్రీలుంటే వెన్న 35కే కరిగిపోతుంది. "వెన్నను కాసేపు బయట ఉంచండి" అని చల్లటి దేశపు వంటలో రాసి ఉంటే నవ్వొస్తుంది. మన వంటగదిలో కాసేపు ఉంచితే మిగిలేది నూనె. ఎండాకాలం మాత్రం పొద్దున ఆరింటికే, మైదాను కూడా రాత్రే ఫ్రిజ్‌లో పెట్టి, వేళ్ల కొసలతో కలుపుతాను. చపాతీ పిండిలా పిసికితే సాగుతుంది, కాలేటప్పుడు అంచులు ముడుచుకుని సగానికి దిగిపోతాయి. కలిపాక అరగంట, టిన్‌లో పరిచాక ఇంకో అరగంట ఫ్రిజ్‌లో పెట్టాల్సిందే.

తర్వాత క్రస్ట్‌ను ఉత్తగానే కాల్చాలి. బటర్ పేపర్ పరిచి, అది పొంగకుండా పైన శనగలు పోసి, 190 డిగ్రీల దగ్గర 15 నిమిషాలు. శనగలు తీసేసి ఇంకో 8 నిమిషాలు. ఆ శనగలు మళ్లీ మళ్లీ వాడుకోవచ్చు గానీ డబ్బా మీద పేరు రాసి పెట్టండి. ఒకసారి అత్తమ్మ వాటినే గుడాలకు నానబోసింది. ఆరు విజిల్స్ వచ్చినా రాళ్లలాగే ఉన్నాయి.

లోపలికి మూడు కోడిగుడ్లు, 200 మిల్లీలీటర్ల పాలు మీగడ కలిపి, గుప్పెడు చీజ్. కూరగాయలు ఏవైనా సరే, నీళ్లుంటే మాత్రం చెడిపోతుంది. బీరకాయ పచ్చిగా వేసిన రోజు కత్తి పెడితే కింద చెరువు కనిపించింది. ఇప్పుడు బీరకాయైనా టమాటైనా ఉప్పు చల్లి పావుగంట వదిలి, నీళ్లు పిండేసి, మూకుట్లో తడి పోయేదాకా వేయిస్తాను. మెంతికూర, ఉల్లికాడలు బాగుంటాయి. గంగవాయిల కూర వేయకండి, జిగురు. నాకు అన్నిటికన్నా నచ్చింది వరంగల్ చపాట మిర్చి. లావుగా, ఎర్రగా ఉంటుంది, కారం తక్కువ. నానబెట్టి, గింజ తీసి, ఎల్లిగడ్డతో నూరి క్రస్ట్ అడుగున పూస్తే రంగే వేరు. 2025లో దానికి జీఐ గుర్తింపు, అంటే ఆ ప్రాంతపు ప్రత్యేక సరుకన్న గుర్తింపు వచ్చింది. అన్నీ నింపాక 180 డిగ్రీల దగ్గర 35 నిమిషాలు. నడుమ కొంచెం ఊగుతుండగానే తీసేయాలి.

కరెంటు బిల్లు గురించి అడుగుతారు కాబట్టి చెప్తున్నా. నా ఓటీజీ 1500 వాట్లది, అన్నీ కలిపి గంటంబావు నడిచినా రెండు యూనిట్లు దాటదు.

టిన్ పరిస్థితి ఇప్పుడిది: పళ్లెం మీద కత్తి గీతలు, అది నా తప్పే. సింకులో రాత్రంతా నానబెట్టిన పాపానికి కుచ్చుల మూలల్లో తుప్పు పట్టింది. ఇప్పుడు కడగ్గానే తుడిచి, చల్లారుతున్న ఓటీజీలో ఆరబెడుతున్నాను, తుప్పు పెరగలేదు.

మళ్లీ కొంటే 8 అంగుళాలది కొంటాను. నలుగురికి 9 ఎక్కువే, ఎప్పుడూ రెండు ముక్కలు మిగులుతాయి. ఫ్రిజ్‌లో పెడితే మరునాటికి క్రస్ట్ మెత్తబడుతుంది. దాన్ని మైక్రోవేవ్‌లో పెట్టకండి. పెనం మీద, మూత లేకుండా, సన్న మంట మీద ఐదు నిమిషాలు ఉంచితే అడుగు మళ్లీ కరకరలాడుతుంది.