పిల్లల చదువు వెనకబడితే మార్చాల్సింది ఇంటినా, బడినా?

పేద ఇళ్ల పిల్లలు, ఇంట్లో ఒక భాష బడిలో ఇంకో భాష ఉన్న పిల్లలు చదువులో ఎందుకు వెనకబడతారు? లోటు ఇంట్లో ఉంది, తల్లిదండ్రులకు నేర్పాలి అంటారు కొందరు. లోటు బడిలోనే ఉంది, అదే మారాలి అంటారు మరికొందరు.

మొదటి వాదానికి బలమిచ్చింది అమెరికాలో హార్ట్, రిస్లీ అనే ఇద్దరు పరిశోధకులు 1995లో ప్రచురించిన అధ్యయనం. 42 ఇళ్లలో నెలకో గంట చొప్పున మాటలు రికార్డు చేశారు. పెద్ద ఉద్యోగుల పిల్లలకీ, ప్రభుత్వ సాయంతో బతికే ఇళ్ల పిల్లలకీ మధ్య బడి ఈడు వచ్చేసరికి విన్న మాటల్లో 3 కోట్ల తేడా ఉంటుందని అంచనా కట్టారు. అంకె కంగారుపెట్టేదే. కానీ ఆ సాయం మీద బతికే ఇళ్లు వాళ్ల లెక్కలో 6 మాత్రమే! ఇంట్లో మిగతావాళ్లు మాట్లాడేవి, పిల్లలు పక్కనుంచి వినేవి కూడా లెక్కేస్తే కథ మారుతుందని తర్వాతి పరిశోధకులు చూపించారు. పిల్లలతో కబుర్లాడటం, కథలు చదివి వినిపించడం మంచివే, కాదనను. రెండు పనులు చేసుకుని అలసి ఇంటికొచ్చిన తల్లికి మాత్రం అది ఇంకో హోంవర్క్.

బడి వైపు వాదం నాకు ఎక్కువ నచ్చుతుంది. 1960లలో న్యూయార్క్‌లోని హార్లెమ్‌లో భాషావేత్త లబోవ్ బృందం ఎనిమిదేళ్ల నల్లజాతి పిల్లాడితో మాట్లాడబోతే పొడిపొడి జవాబులే వచ్చాయి. తర్వాత చిప్స్ తెచ్చి, వాడి స్నేహితుణ్ణి కూడా పిలిచి, అడిగేవాడు నేలమీద కూర్చున్నాడు. అంతే, అదే పిల్లాడు ఆపకుండా మాట్లాడాడు. మొదటిసారి విన్నదాన్ని బట్టి మార్కులేసి ఉంటే?

రెండు భాషల మధ్య చదువుకునే పిల్లల మీద పరిశోధన చేసిన జిమ్ కమిన్స్ చెప్పింది ఇంకా పనికొచ్చే మాట. కొత్త భాషలో ఆటపాటలకు సరిపడా మాట్లాడటం సుమారు 2 ఏళ్లలో వస్తుంది. పాఠాలకు, పరీక్షలకు కావలసిన భాష పట్టుబడటానికి 5 నుంచి 7 ఏళ్లు పడుతుంది. ఈ రెండింటికీ మధ్య ఉన్న ఏళ్లలోనే నష్టం జరుగుతుంది. గలగలా మాట్లాడే పిల్లకి మార్కులు రాకపోతే తెలివి తక్కువని తేల్చేస్తారు. మొదటి తరగతుల్లో ఇంటి భాషలో చెప్పి, రెండోదాన్ని నిదానంగా తేవడం ఇంటివాళ్ల చేతిలో లేదు, బడి చేతిలో ఉంది.

సంస్కృతి విషయమూ అంతే. మధ్యతరగతి పిల్లలకు టీచర్‌ని నిలదీసి సాయం అడగడం ఇంట్లోనే అలవాటవుతుంది. పెద్దవాళ్లకు ఎదురుమాట్లాడకూడదని పెరిగినవాళ్లు అర్థం కాకపోయినా ఊరుకుంటారు. చేయెత్తినవాళ్లకే జవాబు చెప్పే టీచర్ ఈ తేడాని రోజూ పెంచుతూనే ఉంటారు.

అయితే బడి ఒక్కటే అన్నీ సరిచేస్తుందనీ అనలేను. అమెరికా బడుల మీద 1966లో వచ్చిన కోల్‌మన్ నివేదికలో, మార్కుల తేడాకి బడి వసతులకన్నా కుటుంబ నేపథ్యమే పెద్ద కారణంగా తేలింది. నిజమే, కానీ ఆ నివేదిక కొలిచింది అప్పుడున్న బడుల్ని, మారిన బడుల్ని కాదు. ఆకలి, అద్దె, కరెంటు బిల్లు లాంటివి మాత్రం ఏ టీచరూ తీర్చలేరు. వాటికి కావలసింది డబ్బే.

డబ్బు సాయం ఎలాగూ తోడుగా ఉండాలి. మిగిలిన రెండింటిలో నా ఓటు బడికే. తల్లిదండ్రులకు క్లాసులు పెట్టాలనుకుంటే పెట్టండి, కాకపోతే వాళ్ల డ్యూటీ అయ్యాక, వాళ్ల భాషలో పెట్టండి.