ఏడేళ్లు వాడిన వాటర్ ప్యూరిఫయర్: యంత్రం సరే, సర్వీసు సంగతి

2018 ఆగస్టులో బెంగళూరు హొరమావులో అద్దెకు దిగిన వారంలోనే ఈ ప్యూరిఫయర్ కొన్నాం. ఆర్వో (కరిగిన లవణాలను తీసేది), యూవీ (అతినీలలోహిత కాంతితో క్రిములను చంపేది), యూఎఫ్ (సన్న జల్లెడలా మురికిని ఆపేది) మూడూ ఉన్న రకం. ఎనిమిది లీటర్ల ట్యాంకు, ధర 15,500 రూపాయలు. కంపెనీ పేరు రాయడం లేదు. రాస్తే మాట ఆ కంపెనీ మంచిదా, పక్క కంపెనీ మంచిదా అన్న దగ్గరికి పోతుంది. నేను చెప్పబోయే సంగతులకు వేరే కంపెనీల యంత్రాలున్న మా ఇరుగుపొరుగు కూడా "మాకూ అంతే" అన్నారు.

ఇంకో మాట ముందే చెప్పుకోవాలి. నేను పదకొండేళ్లు ఇదే ఊళ్లో కాల్ సెంటర్లలో పనిచేశాను, చివరి నాలుగేళ్లు నాణ్యత చూసే విభాగంలో. కస్టమర్ కేర్‌కు ఫోను చేస్తే అవతలి మనిషి ముందున్న తెర మీద ఏ గడులు ఉంటాయో నాకు తెలుసు. అందుకే నాకు కోపం కాస్త తక్కువ, అనుమానం కాస్త ఎక్కువ.

ముందు యంత్రం గురించి. మంచిదే. హొరమావులో మాకు బోరు నీళ్లు, ఎండాకాలం వస్తే ట్యాంకరు. నీళ్లలో కరిగిన లవణాలను అంచనా వేసే చిన్న టీడీఎస్ మీటరు బోరు నీళ్లలో ముంచితే 900 చూపించేది, యంత్రంలోంచి వచ్చాక 60. తాగునీటిలో టీడీఎస్ లీటరుకు 500 మిల్లీగ్రాములు మించకూడదని, వేరే దిక్కు లేనప్పుడు 2,000 దాకా సరిపెట్టుకోవచ్చని భారత ప్రమాణాల సంస్థ (బీఐఎస్) ప్రమాణం. ఆ బోరు నీళ్లతో పప్పు ఎన్ని విజిల్స్ వచ్చినా పలుకుగానే ఉండేది. ప్యూరిఫయర్ వచ్చాక మా అత్తయ్య మొదట మెచ్చుకున్నది నీళ్లను కాదు, కందిపప్పును. పంపు ఏడేళ్లలో ఒక్కసారే మార్చాం. ట్యాంకు ఇప్పటికీ చెక్కుచెదరలేదు. యంత్రం మీద నాకు పెద్ద ఫిర్యాదు లేదు.

ఆర్వో లవణాలు తీసేటప్పుడు బయటికి వదిలే వృథా నీళ్ల సంగతి అందరికీ తెలిసిందే కాబట్టి లెక్క ఒక్కటే చెబుతాను. చెంబు పెట్టి కొలిస్తే లీటరు మంచినీళ్లకు మూడు లీటర్లు బయటికి పోతున్నాయి. ఇంట్లో నలుగురం. తాగడానికీ వంటకీ రోజుకు 20 లీటర్లు వాడితే 60 లీటర్లు గొట్టం గుండా వెళ్లిపోతాయి. వాటిని బకెట్లో పట్టి ఇల్లు తుడవడానికీ బాత్రూముకూ వాడుకున్నాం. మొక్కలకు పోయడం మాత్రం పొరపాటైంది. ఆ నీళ్లలో మీటరు 1,180 చూపించింది. బాల్కనీలో ఊరి నుంచి తెచ్చుకున్న కరివేపాకు మొక్క ఆకుల అంచులు మాడి, మూడు నెలల్లో మోడైపోయింది.

ఇక సర్వీసు. కొన్న రెండో ఏడు నుంచి ఏఎంసీ (ఏడాది సర్వీసు ఒప్పందం) కట్టాను. మొదట 4,200 రూపాయలు, చివరికి 5,400.

2021 అక్టోబరులో ఒక రాత్రి నిద్ర పట్టక వంటింట్లోకి వెళ్తే, ఆపేసి ఉన్న యంత్రం గొట్టంలోంచి సింకులోకి సన్నగా నీళ్లు పోతున్నాయి. బకెట్ పెట్టి పడుకున్నాను. తెల్లారేసరికి బకెట్ నిండి పొర్లుతోంది. నీటిని ఆపాల్సిన సోలినాయిడ్ వాల్వు మూసుకోవడం లేదు. యంత్రానికి వచ్చే కుళాయి కట్టేసి కస్టమర్ కేర్‌కు ఫోను చేశాను. "యంత్రం ఆపినా నీళ్లు ఆగడం లేదమ్మా. సోలినాయిడ్ వాల్వు పోయినట్టుంది, అది తీసుకుని రమ్మనండి" అన్నాను. "టెక్నీషియన్ వచ్చి చూసి చెబుతారు మేడమ్" అంది ఆ అమ్మాయి. ఆమె తప్పు లేదు. వాల్వు అని రాసుకునే గడి ఆమె తెర మీద ఉండి ఉండదు.

టెక్నీషియన్ యలహంక నుంచి బైకు మీద వచ్చాడు. హిందూపురం కుర్రాడు, మాటలో తెలుగు వినగానే నన్ను "అక్కా" అనేశాడు. చూశాడు, "సోలినాయిడ్ పోయిందక్కా" అన్నాడు, వెళ్లిపోయాడు. మూడు రోజుల తర్వాత డిపో ఇచ్చిన వాల్వు తెచ్చాడు. మా యంత్రానిది 24 వోల్టులు, అది 12 వోల్టులది. మళ్లీ వెళ్లాడు. తొమ్మిదో రోజు సరైనది బిగించాడు. రానూపోనూ 30 కిలోమీటర్ల పైచిలుకు, మూడుసార్లు. అరచేతిలో ఇమిడే వాల్వు కోసం బెంగళూరు ట్రాఫిక్‌లో 90 కిలోమీటర్ల పెట్రోలు కాలింది. ప్రతి రాకకూ నాకో కొత్త ఫిర్యాదు నంబరు వచ్చింది, అదే సాయంత్రం "మీ సమస్య పరిష్కరించబడింది" అని సందేశమూ వచ్చింది. అంటే కంపెనీ పుస్తకాల్లో ఇది మూడు విజయాలు. నేను పనిచేసిన చోటా ఇలాగే లెక్కపెట్టేవాళ్లం. కాల్ ఎన్ని నిమిషాలు పట్టింది, ఫిర్యాదు మూశారా లేదా, ఎన్ని స్టార్లు వచ్చాయి, ఏఎంసీ కొనసాగించారా అన్న గడులే ఉండేవి. ఎంత పెట్రోలు కాలింది, ఎంత సామాను చెత్తలోకి పోయింది అన్న గడి పదకొండేళ్లలో ఒక్కసారీ చూడలేదు.

వెళ్తూ వెళ్తూ ఆ అబ్బాయి "అయిదు స్టార్లు ఇవ్వండక్కా, నాలుగిచ్చినా మాకు ఇన్సెంటివ్ పోతుంది" అన్నాడు. ఇచ్చాను. మీరైనా ఇస్తారు.

అప్పటి నుంచి నాకో అలవాటైంది. మార్చిన సామానేదీ అతన్ని పట్టుకుపోనివ్వకుండా గోనెసంచిలో వేసి బాల్కనీలో పెట్టేదాన్ని. మొదట్లో "డిపోలో లెక్క చూపించాలక్కా" అన్నాడు. అక్కడ ఏం చేస్తారని అడిగితే, గోతాల్లో పోస్తారని, నెలకోసారి తూకానికి వెళ్తాయని చెప్పాడు. బాగుచేసి వాడటం అన్నది అతను విననే లేదు. 2022 నాటి ఇ-వ్యర్థాల నిబంధనలు తయారీదారుల మీద రీసైక్లింగ్ లక్ష్యాలు పెట్టాయి, 2023 ఏప్రిల్ 1 నుంచి అమల్లోకి వచ్చాయి. మంచిదే. కానీ ఆ లక్ష్యాలు బరువులో ఉంటాయి. మా ఇంట్లో బాగుపడి మళ్లీ పనిచేసిన వస్తువు ఏ తూకానికీ ఎక్కదు కదా.

2022 జూన్‌లో రామమూర్తి నగర్‌కు మారాం. అక్కడ కావేరి నీళ్లు. మీటరు పెడితే 230. వంద కిలోమీటర్ల అవతలి నుంచి, దాదాపు 500 మీటర్ల ఎత్తుకు కరెంటుతో తోడి తెచ్చే నీళ్లవి. వాటిని నా యంత్రం 20కి దించి, ఒక వంతు నాకిచ్చి మూడు వంతులు మోరీలోకి పంపుతోంది. టీడీఎస్ 500 కంటే తక్కువున్న చోట ఆర్వో వద్దని జాతీయ హరిత ట్రిబ్యునల్ 2019లోనే అంది. కస్టమర్ కేర్‌కు ఫోను చేసి, ఆర్వోను పక్కనపెట్టి యూఎఫ్, యూవీ మాత్రం నడిచేలా మార్చి ఇవ్వమన్నాను. "మీ నీటి టీడీఎస్ ఎంతైనా మా యంత్రం శుభ్రం చేస్తుంది మేడమ్" అని జవాబు. మూడు నెలల్లో నలుగురిని అడిగాను. నలుగురూ అదే వాక్యం చదివారు.

ఫిల్టర్ల సంగతి మరీ విచిత్రం. ఆరు నెలలు కాగానే యంత్రం కూయడం మొదలుపెడుతుంది. కొత్త ఫిల్టరు మీది కోడ్ టెక్నీషియన్ తన ఫోనుతో చదివిస్తే తప్ప ఆ కూత ఆగదు. లోపల ఉన్నది గడియారం, మురికిని కొలిచే పరికరం కాదు. ఒక ఆదివారం గోనెసంచి విప్పి, మట్టిని ఆపే రెండు పాత సెడిమెంట్ ఫిల్టర్లను కూరగాయల కత్తితో అడ్డంగా కోశాను. హొరమావు బోరు నీళ్లు తాగినది మధ్య రంధ్రం దాకా ఇటుక రంగులో ఉంది, వేలితో నొక్కితే బురద ఊరింది. రామమూర్తి నగర్‌లో ఆరు నెలలు వాడినది పైన గోరంత మందాన పసుపెక్కింది, లోపలంతా కోసిన ముల్లంగిలా తెల్లగా ఉంది. మా ఆయన చూసి, "కొత్తదాన్నెందుకు కోశావు?" అన్నారు.

ఆర్వోలో లవణాలను ఆపే మెంబ్రేన్ కూడా విప్పి చూశాను. చాప చుట్టలా ఉంటుంది. పాలియెస్టర్ గుడ్డ, దాని మీద పలచని పొర, మధ్యలో ప్లాస్టిక్ వల, అన్నీ జిగురుతో అతికించి ఉంటాయి. విడదీయడం ఎవరి వల్లా కాదు. పొడి చెత్త తీసుకునే అతను సీసాలు, డబ్బాలు వేసుకుని ఇది మాత్రం నా చేతికే తిరిగి ఇచ్చాడు. ఇంతలో కంపెనీ నుంచి పచ్చని చెట్టు బొమ్మతో సందేశం వచ్చింది: పర్యావరణం కోసం ఇకపై కాగితం బిల్లు ఇవ్వరట. ఆ వారమే వచ్చిన ఫిల్టర్ల కిట్టులో అట్టపెట్టె, థర్మోకోల్, నాలుగు ప్లాస్టిక్ కవర్లు. ఆ కాగితం బిల్లు అంగుళంన్నర వెడల్పు ఉండేది.

2023 డిసెంబరులో కంట్రోల్ బోర్డు పోయింది. ఏఎంసీలోకి రాదు, 2,350 రూపాయలు, రావడానికి అయిదు రోజులు అన్నారు. పాతదాన్ని ఊడదీయించి సంచిలో వేసుకుని ఎస్పీ రోడ్డుకు వెళ్లాను. ఎలక్ట్రానిక్స్ విడిభాగాలకు ఈ ఊళ్లో అంతకు మించిన చోటు లేదు. మెట్ల కింద బల్ల వేసుకుని కూర్చున్న పెద్దాయన కళ్లజోడు నుదుటి మీదికి నెట్టి, బోర్డును బల్బు కింద తిప్పి చూసి, "ఇది చావలేదమ్మా, కెపాసిటరు ఉబ్బింది" అన్నాడు. టంకం వేసి మార్చి, ఒక పాత అడాప్టరు తగిలించి లైటు వెలిగించి చూపించాడు. 180 రూపాయలు. ఆ కెపాసిటరు చిటికెన వేలి గోరంత కూడా లేదు. కొత్త బోర్డు వద్దని కంపెనీకి చెబితే, నా ఫిర్యాదు ముందు "కస్టమర్ సహకరించలేదు" అని పడింది. కేంద్ర వినియోగదారుల వ్యవహారాల శాఖ 2022 డిసెంబరులో రైట్ టు రిపేర్ పోర్టల్ తెరిచింది. మరమ్మతు వివరాలు కొనుగోలుదారుకు అందుబాటులో ఉండాలన్నది దాని ఉద్దేశం. మా కంపెనీ ఇచ్చిన కరపుస్తకంలో బోర్డు గురించి ఉన్నది ఒక్క వాక్యం: "మూత తెరవరాదు."

2024 మార్చి నీటి కరువు బెంగళూరులో ఉన్నవాళ్లకు గుర్తుండే ఉంటుంది. కార్లు కడగడానికో, తోటకో తాగునీరు వాడితే 5,000 రూపాయల జరిమానా అని జలమండలి ప్రకటించింది, అపార్టుమెంట్లలో కుళాయిలకు ఏరేటర్లు (ధారలో గాలి కలిపి నీళ్ల వాడకం తగ్గించే మూతులు) తప్పనిసరి చేసింది. మా వంటింటి కుళాయికి ప్లంబర్ ఏరేటర్ బిగిస్తుంటే, పక్కనే ప్యూరిఫయర్ గొట్టం తన పని తాను చేసుకుపోతోంది. "దీనికేమీ లేదా మేడమ్?" అని అతనే అడిగాడు. ఆ వారమే పేటలో ఒక మెకానిక్‌ను పిలిపించి, మెంబ్రేన్‌ను తప్పించి కార్బన్ ఫిల్టరు నుంచి నేరుగా యూఎఫ్, యూవీలోకి నీళ్లు వెళ్లేలా రెండు చిన్న వాల్వులు పెట్టించాను. 650 రూపాయలు. కంపెనీ దాన్ని అనధికార మార్పుగా నమోదు చేసింది. ఏఎంసీ నేనే వదిలేశాను. ఇప్పుడు ఫిల్టరును కూత విని కాదు, నీళ్ల ధార తగ్గినప్పుడు మారుస్తున్నాను. యూవీ దీపం మాత్రం ఏడాదికోసారి తప్పదు. అన్నీ కలిపి నిరుడు 1,100 రూపాయలు అయ్యాయి.

ఇది చదివి బోరు నీళ్లవాళ్లు ఆర్వో పీకేయకండి. టీడీఎస్ మీటరు కరిగిన లవణాల మొత్తాన్నే అంచనా వేస్తుంది. అందులో ఫ్లోరైడ్ ఎంతో, నైట్రేట్ ఎంతో చెప్పదు, క్రిములను అసలు పట్టుకోదు. అవి తెలియాలంటే నీళ్లను ప్రయోగశాలకు పంపాల్సిందే. మా సంపులోకి ట్యాంకరు నీళ్లు వచ్చిన రోజు నేనూ వాల్వు తిప్పి ఆర్వోలోకే పంపుతాను. ఏ వాల్వు ఎటో అత్తయ్యకు తెలియడానికి ఒకదానికి పసుపు దారం, ఇంకోదానికి నల్ల దారం కట్టాను. పసుపు కావేరికి, నలుపు ట్యాంకరుకు.

ఏఎంసీ కోసం ఇప్పటికీ నెలకోసారి ఫోను వస్తుంది. ఏ యంత్రం కొనాలని ఎవరైనా అడిగితే, దుకాణంలో ఆర్వోను ఆపుకునే వీలుందా, ఫిల్టరును కంపెనీ కోడ్ లేకుండా మార్చుకోవచ్చా అని అడిగి చూడమంటున్నాను. మొన్న మా చెల్లెలి కోసం మూడు దుకాణాలు తిరిగాం. రెండు చోట్ల ప్రశ్నే అర్థం కాలేదు. మూడో చోట అబ్బాయి కాసేపు ఆలోచించి, లోపలి నుంచి ఎవరూ అడగని ఒక పాత మోడల్ తెచ్చి దుమ్ము దులిపాడు. అదే కొన్నాం.