విడాకుల కేసు బదిలీ: హైకోర్టుకా, సుప్రీంకోర్టుకా?

విడాకుల కేసును అదే రాష్ట్రంలోని మరో ఫ్యామిలీ కోర్టుకు మార్చాలని కోరేవారు సాధారణంగా సివిల్ ప్రొసీజర్ కోడ్ 24వ సెక్షన్ కింద హైకోర్టును ఆశ్రయిస్తారు. వేరే రాష్ట్రానికి మార్చాలంటే మాత్రం 25వ సెక్షన్ కింద సుప్రీంకోర్టుకే వెళ్లాలి. విజయవాడ నుంచి హైదరాబాదుకు మార్చడం కూడా, దూరం ఎంత తక్కువైనా, నేడు రెండో కోవలోకే వస్తుంది.

హైకోర్టు తనంతట తానుగా కూడా కేసును బదిలీ చేయగలదు. సుప్రీంకోర్టు విషయంలో పక్షకారు అఫిడవిట్‌తో దరఖాస్తు చేయాలి. అది పసలేనిదని తేలితే ఎదుటివారికి రూ.2,000 వరకు పరిహారం చెల్లించమనవచ్చు, ఈ రోజుల్లో ఆ మొత్తానికి ఎవరూ వెనకాడరనుకోండి.

భార్యకు ఆదాయం లేకపోవడం, చంటిబిడ్డతో ఒంటరిగా దూరప్రయాణం చేయాల్సి రావడం, ప్రాణభయం వంటి కారణాలను రెండు చోట్లా పరిగణిస్తారు గానీ, భార్య అడిగినంత మాత్రాన బదిలీ ఖాయమనుకోవడం పొరపాటు. ప్రయాణ ఖర్చులు భర్త భరించాలని చెప్పి, కేసును ఉన్నచోటే ఉంచిన సందర్భాలూ ఉన్నాయి. వీడియో విచారణ చాలదా అన్న ప్రశ్నకు 2017లో ముగ్గురు న్యాయమూర్తుల సుప్రీంకోర్టు ధర్మాసనం, రాజీ ప్రయత్నం విఫలమయ్యాక ఇరుపక్షాలూ కోరితేనే దాన్ని అనుమతించవచ్చని మెజారిటీ తీర్పులో పేర్కొంది.