జపాన్‌లో పొద్దున్నే గుడి, ఆపైన టిఫిను: కియోటో, కోయాసాన్, త్సుకిజి

కియోటోలో రెండో రోజు పొద్దున అత్తయ్య మిసో అనే పులియబెట్టిన సోయా ముద్దతో చేసే సూపు సగం గిన్నె తాగేశాక తెలిసింది, అందులో చేప ఉందని. ముక్కలేం కనపడవు. జపాన్ వంటకి మూలం దాషి అనే ఒక పల్చటి చారు, కత్సువోబుషి అని చేపని పొగబెట్టి ఎండబెట్టి చెక్కలా గట్టిపడ్డాక పొరలుపొరలుగా తురిమి, దాన్ని వేడినీళ్లలో వేసి ఆ సారం తీస్తారు. సూపులో అదే, ఉడికించిన కూరల్లో అదే, గుడ్డు అట్టులో కూడా అదే. మేం దిగింది ఒక చిన్న సంప్రదాయ వసతి, పేరెందుకులెండి, బుక్ చేసేటప్పుడే మెయిల్లో శాకాహారులం అని రాశాం, సరేనన్నారు. తీరా చూస్తే పళ్లెంలోంచి కాల్చిన చేప తీసేశారు, మిగతాదంతా మామూలే. నాకు వాసన తేడాగా అనిపించి అడిగితే వడ్డించే ఆవిడ లోపలికెళ్లి కనుక్కొచ్చి, మోకాళ్ల మీద కూర్చుని తల నేలకి ఆనేంతగా వంగి చెప్పింది. అత్తయ్య గిన్నె కింద పెట్టి, "తెలియక తాగినదానికి దోషం లేదులే అమ్మాయ్, ముందు ఆవిణ్ణి లేవమను" అన్నారు. అన్నారు గానీ ఆ తర్వాత రెండు రోజులూ అరటిపళ్లు, పెరుగు, గుంటూరు నుంచి తెచ్చుకున్న అటుకులే.

కాబట్టి ఇంట్లో శాకాహారం తినే పెద్దవాళ్లని తీసుకుని, పొద్దున్నే గుడికెళ్లి అక్కడి టిఫిను కూడా రుచి చూద్దాం అనుకునేవాళ్లకి ఈ గోలంతా పనికొస్తుంది. మేం నవంబర్లో వెళ్లాం, ముగ్గురం: నేను, మా ఆయన, అత్తయ్య. అత్తయ్యకి మోకాళ్ల నొప్పులు. ఊరు మారినా నాలుగున్నరకే లేచి కూర్చుంటారు, ఆ టైముకి తెరిచి ఉండేవి గుళ్లే కదా అని మొత్తం ప్రయాణం పొద్దులు చూసుకుని ప్లాన్ చేశాం.

కియోటోలో మాకు బాగా నచ్చింది పైసా ఖర్చు లేనిది. రైల్వే స్టేషన్ నుంచి ఉత్తరంగా పదినిమిషాలు నడిస్తే హిగాషి హొంగాన్‌జి. రోజూ 7 గంటలకి ప్రార్థన, ఎవరైనా వెళ్లి కూర్చోవచ్చు, టికెట్ లేదు, పేరు రాయించుకోవడం లేదు. దగ్గర్లోనే ఉన్న నిషి హొంగాన్‌జిలో ఇంకా ముందు, 6 గంటలకే మొదలు. రెండూ జోదో షిన్షూ అనే బౌద్ధ శాఖ వాళ్లవే, ఒకటి చూస్తే చాలు. మేం హిగాషికి వెళ్లడానికి కారణం పొద్దున చలి, ఇంకో గంట పడుకోవచ్చని మా ఆయన బద్ధకం.

అక్కడి గోయెయిదో అనే మంటపం 1895లో మళ్లీ కట్టింది, ప్రపంచంలోని అతి పెద్ద చెక్క కట్టడాల్లో ఒకటి, లోపల 927 చాపలు పరిచి ఉంటాయి. పెద్ద పెద్ద దూలాలు పైకెత్తడానికి మామూలు తాళ్లు తెగిపోతుంటే దేశం నలుమూలల నుంచి ఆడవాళ్లు జుట్టు కత్తిరించి పంపించారట, దాన్ని జనపనారతో కలిపి తాళ్లు పేనారు. అందులో ఒక తాడు చుట్ట గాజుపెట్టెలో పెట్టారు, నల్లగా, నా చెయ్యి కంటే లావుగా. అత్తయ్య దాని ముందు చాలాసేపు నిలబడ్డారు. "తలనీలాలు మనం కొండ మీద ఇచ్చొస్తాం, వీళ్లు ఇచ్చినవాటితో గుడే కట్టారు" అన్నారు.

ప్రార్థనలో చదివేది షోషింగే అనే పద్యాల వరస, 13వ శతాబ్దంలో ఆ శాఖ మూలపురుషుడు షిన్రాన్ రాసింది. మా ఆయన దాని అర్థం ఫోన్లో ముందే తెరిచి పెట్టుకున్నారు. అందరూ ఒకే గొంతుతో లాగి లాగి చదువుతుంటే మధ్యలో నన్ను మోచేత్తో పొడిచారు. అప్పుడే వినపడింది, "నాన్ టెన్ జికు" అని. దక్షిణ భారతం అని అర్థమట. దక్షిణ భారతంలో నాగార్జునుడు అనే బౌద్ధ ఆచార్యుడు పుడతాడని బుద్ధుడు ముందే చెప్పాడని ఆ పద్యం. సాగర్ డ్యాం చూడటానికి, నాగార్జునకొండకి లాంచీలో వెళ్లడానికి చిన్నప్పటి నుంచి ఎన్నిసార్లు వెళ్లామో లెక్కలేదు, ఆ పేరు వెనక ఒక మనిషి ఉన్నాడని, ఇంత దూరంలో రోజూ పొద్దున్నే ఆయన్ని తలుచుకుంటారని నాకు తెలీదు, సిగ్గేసింది. కింద కూర్చోలేనివాళ్లకి కుర్చీలున్నాయి, అత్తయ్యకి ఇబ్బంది కాలేదు. మాట్లాడేదంతా జపనీసే, చివర్లో చిన్న ప్రవచనం ఉంటుంది, అర్థం కాకపోయినా లేచి రావడం బాగుండదని కూర్చున్నాం.

దీని పక్కన పెట్టి చూస్తే ఆన్‌లైన్లో డబ్బు కట్టి బుక్ చేసుకున్న "పొద్దున్నే గుడి, ఆపైన సంప్రదాయ అల్పాహారం" అనే టూరు దండగ. మర్నాడు దానికెళ్లాం. పన్నెండు మంది గుంపు, గైడు పాపం మంచివాడే, కానీ గుడిలో ఉన్నది ఇరవై నిమిషాలు, అందులో పదిహేను ఫొటోలకి. అల్పాహారం ఒక హోటల్ హాల్లో, అదీ చేప దాషితోనే. ముగ్గురికి కట్టిన డబ్బు తలుచుకుంటే ఇప్పటికీ కడుపు మండుతుంది. అదే డబ్బుతో గుళ్ల కొండ కోయాసాన్‌లో ఇంకో రాత్రి ఉండేవాళ్లం.

కోయాసాన్ గురించి అసలు ముందే చెప్పాల్సింది. ఒసాకాలో నంబా స్టేషన్ నుంచి నంకాయి రైలు, గంటన్నర పైచిలుకు, చివర్లో కొండలెక్కుతూ మెలికలు తిరుగుతుంది. ఆఖరి స్టేషన్ పేరు గోకురాకుబాషి, అంటే బౌద్ధులు సుఖావతి అనే స్వర్గానికి వంతెన. అక్కడి నుంచి కేబుల్ కారు అయిదు నిమిషాలు, తర్వాత బస్సు. స్టేషన్ నుంచి ఊళ్లోకి ఆ బస్సు రోడ్డు మీద నడవనివ్వరు, మా ఆయన లాగా "దగ్గరే కదా, నడుద్దాం" అనుకోకండి. దారిలో న్యోనిన్‌దో అని చిన్న గుడి కనపడుతుంది. ఒకప్పుడు ఆడవాళ్లు అంతవరకే రావాలి, 1872లో ప్రభుత్వం ఆ నిషేధం ఎత్తేసింది. అత్తయ్య బస్సు కిటికీలోంచి దాన్ని చూసి ఏమీ అనలేదు, నేనే కాస్త విసుక్కున్నాను.

కూకై అనే బౌద్ధ గురువుకి 816లో చక్రవర్తి ఈ కొండని ఇచ్చాడు, ఆయన్ని కోబో దైషి అని కొలుస్తారు. సుమారు 800 మీటర్ల ఎత్తులో నూటికి పైగా గుళ్లు, వాటిలో సగానికి దగ్గరగా రాత్రి బసకి గదులిస్తాయి, షుకుబో అంటారు. మాకు తలకి 15,000 యెన్ పడింది, రాత్రి భోజనం, పొద్దున టిఫిను, ప్రార్థన అన్నీ కలిపి. ఇంతకంటే తక్కువవీ, రెట్టింపువీ ఉన్నాయి.

మంచిమాటలకి ముందు ఇబ్బందులు చెప్తాను. చలి. గదిలో హీటరుంది, కాళ్లు దూర్చుకుని కూర్చునే కొతాత్సు బల్ల ఉంది, కానీ బాత్రూం వసారా ఆ చివర, ఆ వసారాలో నేల మంచుగడ్డే. గదికీ గదికీ మధ్య కాయితం తలుపులు, పక్కగదిలో ఆయన గురక పెడితే ఆయన మన గదిలోనే ఉన్నట్టు. పడక నేల మీద, మోకాళ్ల నొప్పులున్నవాళ్లు లేవడానికి ఇంకొకరు ఉండాలి. కొన్ని గుళ్లలో మంచాలున్న గదులున్నాయి, అవి అడిగి తీసుకోవాల్సింది, మాకు తట్టలేదు. సాయంత్రం అయిదున్నరకే భోజనం పెట్టేస్తారు, తొమ్మిదికి గేటు మూసేస్తారు, ఆకలేస్తే బయట కొట్లు కూడా ఉండవు. అటుకులు మళ్లీ ఆదుకున్నాయి.

కానీ తిండి దగ్గర టెన్షన్ పోయింది. ఇక్కడి వంటని షోజిన్ ర్యోరి అంటారు, మాంసం, చేప, గుడ్డు ఏవీ ఉండవు, ఉల్లి వెల్లుల్లి కూడా వెయ్యరు. దాషి కూడా కొంబు అనే సముద్రపు నాచుతో, ఎండు పుట్టగొడుగులతో తీస్తారు. అత్తయ్యకి నమ్మకం కుదరలేదు, "మొన్న కూడా సరేనన్నారుగా" అన్నారు. వడ్డించే కుర్ర సన్యాసికి ఫోన్లో అనువాదం చూపిస్తే నవ్వి, లోపలికెళ్లి ఎండిన నాచు ముక్క ఒకటి తెచ్చి అత్తయ్య చేతిలో పెట్టాడు. ఆవిడ వాసన చూసి, గిన్నె ఎత్తి సూపు తాగారు.

పొద్దున ఆరున్నరకి ప్రార్థన. చీకటి మంటపం, వేలాడే ఇత్తడి దీపాలు, అగరు పొగ, ముగ్గురు సన్యాసులు. ఇది షింగోన్ శాఖ, మంత్రశాఖ, అందుకే చదివేదాంట్లో సంస్కృత మంత్రాలు కూడా ఉంటాయి, చైనా మీదుగా వచ్చి నలిగిన సంస్కృతం. చివర్లో "గ్యాతేయి గ్యాతేయి హర గ్యాతేయి... బోజి సోవక" అని వస్తుంది, అదే "గతే గతే పారగతే... బోధి స్వాహా". మనకి చెప్పేవాళ్లు లేకపోయినా చెవికి తెలుస్తుంది. గోడకి ఎనిమిదిమంది గురువుల పటాలు, అందులో నాగార్జునుడు ఒకరు. దక్షిణ భారతంలో ఒక ఇనుప స్తూపం తలుపులు తెరిపించి ఆయన మంత్రగ్రంథాలు అందుకున్నాడని వీళ్ల ఐతిహ్యం, ఆ స్తూపం మన అమరావతే అయి ఉండొచ్చని కొందరు పండితులు అన్నారు. నిజమో కాదో, అమరావతికి ముప్పై కిలోమీటర్ల దూరంలో పుట్టినదాన్ని, మర్యాదగా ఇంకో దణ్ణం పెట్టాను. కొన్ని గుళ్లలో ప్రార్థన తర్వాత గోమ చేస్తారు. పేరు మారింది గానీ అది హోమమే, సమిధలు, నిప్పు, మంత్రం అన్నీ.

ఇక టిఫిను. ఎర్ర లక్క పూసిన చిన్న పీటబల్ల ఒక్కొక్కరికి. చెక్క తొట్టిలో అన్నం, మిసో సూపు, నువ్వులతో కలిపిన పాలకూర, వేయించి ఉడికించిన టోఫు ఉండలు, ముల్లంగి ఊరగాయ, నోరి నాచు, చిన్న గిన్నెలో ఒకే ఒక్క ఉమెబోషి. టోఫుని గడ్డకట్టించి ఎండబెట్టిన కోయదోఫు పేరే ఈ కొండది. అది స్పాంజిలా ఉంటుంది, కొరికితే లోపల దాచుకున్న పులుసంతా నోట్లోకి వస్తుంది. ముందు రాత్రి పెట్టిన నువ్వుల గోమదోఫు ఇంకా బాగుంది, నువ్వుల ముద్దని ఒక దుంప పిండితో కలియబెట్టి కాస్తారట, పేరులో టోఫు ఉన్నా అందులో సోయా లేదు, జున్ను కంటే మెత్తగా నాలుక మీద జారిపోతుంది.

ఉమెబోషి మాత్రం అత్తయ్యది. ముడతలు పడ్డ ఎర్రటి పండు, ఉప్పులో ఊరేసి, ఎండలో పెట్టి చేస్తారు, ఈ వకయామా ప్రాంతానిదే పేరు. నేను మొత్తం ఒకేసారి నోట్లో వేసుకుని కళ్లు గట్టిగా మూసుకున్నాను, అంత పులుపు. ఆవిడ చాప్‌స్టిక్ కొనతో కాస్త గీరి అన్నంలో కలిపి, వేళ్లతో తిని, "ఇది మాగాయే అమ్మాయ్, ఊటలో వేసి ఎండబెట్టారు, కారం నూనె పెట్టడం మర్చిపోయారు అంతే" అన్నారు. రెండోసారి అన్నం పెట్టించుకున్నారు. ఆ ట్రిప్పులో ఆవిడ కడుపునిండా తిన్న మొదటి పొద్దు అది.

తర్వాత ఆ కొండ మీదే ఉన్న ఒకునొయిన్ శ్మశానం. దేవదారుల్లాంటి పెద్ద చెట్ల మధ్య రెండు కిలోమీటర్ల దారి, రెండు లక్షలకి పైగా సమాధులు. 835 నుంచి కూకై అక్కడ ధ్యానంలోనే ఉన్నాడని వీళ్ల నమ్మకం, అందుకే రోజూ 6 గంటలకీ, 10:30కీ ఆయనకి భోజనం తీసుకెళ్తారు. పొద్దుటిదానికి వెళ్తే బస చేసిన గుడిలో ప్రార్థన పోతుంది, అందుకని పదిన్నరది చూడండి. చెక్కపెట్టె మోసుకుంటూ సన్యాసులు వంటశాల పక్కనున్న, జిజో అనే బోధిసత్త్వుడి చిన్న గుడి దగ్గర ఆగుతారు, ఆ జిజో ముందు రుచి చూస్తాడట, తర్వాత వంతెన దాటి లోపలికి. నివేదన అంటే ఏమిటో మనకి విడమరచి చెప్పక్కర్లేదు కదా. ఆ వంతెన దాటాక ఫొటోలు తియ్యకూడదు.

టోక్యోలో చివరి పొద్దు త్సుకిజి హొంగాన్‌జి, మెట్రో స్టేషన్ పక్కనే. 1934లో ఇతో చూతా అనే వాస్తుశిల్పి భారతీయ బౌద్ధ గుహల పోలికలతో కట్టాడు, లోపల పైప్ ఆర్గాన్ కూడా ఉంది, వింతగా ఉంటుంది. 7కి ప్రార్థన, 8కి ఆవరణలోని కఫేలో పద్దెనిమిది రకాల టిఫిను, జోదో షిన్షూ వాళ్లు కొలిచే అమిదా బుద్ధుడి 18వ ప్రతిజ్ఞకి గుర్తుగా. మేం వెళ్లినప్పుడు తలకి సుమారు రెండు వేల యెన్ పడింది. చిన్న చిన్న గిన్నెల్లో ముద్దుగా ఉంటుంది, గంజి, సూపు, గుడ్డు అట్టు, ఇంకా ఏవేవో, కానీ శాకాహారం కాదు. అత్తయ్య గంజీ టీతో సరిపెట్టుకుని మిగతావన్నీ మా ఆయన పళ్లెంలోకి తోసేశారు. తక్కువ టైములో, మోకాళ్ల మీద కూర్చోకుండా, ఏది పెట్టినా తినేవాళ్లకి ఇది చక్కటిది, ముందు రిజర్వ్ చేసుకోండి, లేకపోతే లైనే. మాలాంటివాళ్లు మాత్రం కియోటోలో ఊరికే ప్రార్థనకెళ్లొచ్చి, దాచిన డబ్బు కోయాసాన్ మీద పెట్టుకోవడం మేలు. వెళ్లే ముందు జపనీస్‌లో "చేప దాషి కూడా వద్దు" అని ఒక కాయితం మీద రాయించుకోండి, "శాకాహారం" అన్న ఒక్క మాట సరిపోదు.

కోయాసాన్‌లో కొన్న కోయదోఫు పాకెట్లు నాలుగు ఇంటికి తెచ్చాం. అత్తయ్య మొన్న ఒకటి విప్పి, వేణ్నీళ్లలో నానబెట్టి, పిండి, ముక్కలు కోసి చింతపండు పులుసులో వేశారు, బెల్లం కాస్త ఎక్కువేసి. మా ఆయన మూడుసార్లు వడ్డించుకున్నారు. ఇంకా మూడు పాకెట్లున్నాయి, ఎవరైనా వస్తే రుచి చూపిస్తాం.