చేత్తో మాత్రికలు గుణించాలంటే ఏ దారి మేలు?

మా పక్కింటి అమ్మాయి ఇంటర్ ఫస్టియర్. మాత్రికల (అంకెలను అడ్డంగా రోలు, నిలువుగా కాలమ్‌లుగా పేర్చిన పట్టికల) పాఠం మొదలైన వారంలోనే ఒకే 3×3 (మూడు రోలు, మూడు కాలమ్‌ల) లెక్కను మూడుసార్లు చేసి, మూడు జవాబులతో మా ఇంటికొచ్చింది. కాగితం చూశాను. ఎక్కాలు తప్పలేదు, కూడికలూ తప్పలేదు. రెండో కాలమ్ చదవాల్సిన చోట చూపు మూడో కాలమ్‌లోకి జారింది, అంతే. చేత్తో చేసేటప్పుడు మాత్రికల లెక్క ఎక్కువగా చెడేది ఇలాగే. అందుకే పద్ధతులను పోల్చేటప్పుడు ఎన్ని గుణకారాలు మిగిలాయన్నది కాకుండా, కన్ను ఎక్కడ తడబడుతుందో చూస్తాను.

అందరికీ తెలిసింది రో ఇంటూ కాలమ్: మొదటి మాత్రిక రోలోని అంకెలను రెండోదాని కాలమ్‌లోని అంకెలతో వరుసగా గుణించి కూడడం. ఎడమచేతి వేలు అడ్డంగా, కుడిచేతి వేలు నిలువుగా. 2×2కి 8 గుణకారాలు, 4 కూడికలు. 3×3కి వచ్చేసరికి 27 గుణకారాలు, 18 కూడికలు. వేళ్లు రెండూ ఆ పనిలో ఉంటే పెన్ను పట్టుకునేదెవరు? సగం తప్పులు అక్కడే పుడతాయి. అయితే ఈ పద్ధతికి ఒక గొప్ప సుగుణం ఉంది. కావలసిన ఒక్క మూలకాన్నీ (జవాబులోని ఒక అంకెనూ) నేరుగా తీసుకోవచ్చు. ఎంసెట్ (ఇప్పటి ఈఏపీసెట్) తరహా ప్రశ్నలో జాడ, అంటే ప్రధాన వికర్ణంలోని అంకెల మొత్తం, మాత్రమే అడిగితే ఎడమ పైమూలనుంచి కుడి కిందిమూలకు వెళ్లే ఆ వికర్ణంలోని మూడు మూలకాలు చాలు, మిగతా ఆరింటి జోలికి వెళ్లనక్కర్లేదు. 160 ప్రశ్నలకు 180 నిమిషాలున్న పరీక్షలో ఇది చిన్న లాభం కాదు.

మొత్తం మాత్రిక కావాలంటే మాత్రం నా ఓటు ఫాల్క్ అమరికకే. జర్మనీకి చెందిన సిగుర్డ్ ఫాల్క్ 1951లో దీన్ని ప్రచురించాడు. మన పాఠ్యపుస్తకాల్లో నాకెక్కడా కనబడలేదు. చేయవలసిందల్లా రెండో మాత్రికను మొదటిదాని పక్కన కాకుండా, ఒక మెట్టు పైకి జరిపి కుడివైపు రాయడం:

. . . . . . 5 . . 1
. . . . . . 2 . . 6
2 . . 3 . . 16 . 20
1 . . 4 . . 13 . 25

జవాబులో ప్రతి గడికీ ఎడమవైపు దాని రో ఉంటుంది, నెత్తిమీద దాని కాలమ్ ఉంటుంది. 16 ఎలా వచ్చింది? ఎడమకు చూస్తే 2, 3. పైకి చూస్తే 5, 2. పది, ఆరు, పదహారు. ఏ రో, ఏ కాలమ్ అని గుర్తుపెట్టుకునే పనే లేదు, ఆ గడి ఉన్న చోటే చెబుతుంది. పరిమాణాలు కుదరకపోయినా, అంటే 2×3ను 2×2తో గుణించబోయినా, బొమ్మ గీసేటప్పుడే తెలిసిపోతుంది. మూడో మాత్రిక ఉంటే దాన్ని రెండోదాని కుడిపక్కన పైనే రాసి, వచ్చిన లబ్ధాన్ని తిరిగి ఎత్తి రాయకుండా అలాగే కుడికి సాగిపోవచ్చు. తిరిగి రాసేటప్పుడు మైనస్ గుర్తు మింగేయడం ఎంత మామూలో లెక్కలు చెప్పిన ఎవరినడిగినా చెబుతారు.

దీనికి కాగితం ఎక్కువ పడుతుంది, నిజమే. ఇంకో చిక్కు కూడా ఉంది. పేపర్ దిద్దేవారికి ఈ రూపం అలవాటు లేకపోవచ్చు. అందుకని ఆ అమ్మాయికి చెప్పింది ఇదీ: రఫ్ కాలమ్‌లో ఫాల్క్, జవాబు పత్రంలో మామూలు మెట్లు.

సున్నాలు కనబడితే మాత్రం నేను పై రెండింటినీ వదిలేస్తాను. అప్పుడు మేలైనది రోలను కలపడం. మొదటి మాత్రికలోని ఒక్కో రో, రెండో మాత్రిక రోలను ఏ పాళ్లలో కలపాలో చెబుతుంది. పులుసులో చింతపండు, బెల్లం పాళ్లలాంటిదే. మొదటి మాత్రిక రోలు (1, 0, 2), (0, 3, 0), (0, 0, 1) అనుకోండి. రెండోదానివి (2, 1, 4), (3, 0, 5), (1, 6, 2). లబ్ధంలో మొదటి రో కావాలంటే రెండోదాని మొదటి రోకు మూడో రో రెట్టింపు కలపాలి: (4, 13, 8). రెండో రోకి మూడు రెట్లు చేస్తే చాలు: (9, 0, 15). మూడోది ఉన్నది ఉన్నట్టే: (1, 6, 2). 27 గుణకారాల లెక్క రెండు వరుసల్లో అయిపోయింది. విలోమ మాత్రిక (గుణకారాన్ని వెనక్కి తిప్పే మాత్రిక) కోసం చేసే ప్రాథమిక రో పరిక్రియలు కూడా లోపల ఇవే. ఆ సంగతి తెలిశాక ఆ పాఠం భయపెట్టదు. అయితే మాత్రిక నిండా 7, −5, 8 లాంటి అంకెలుంటే ఈ దారిలో లాభమేమీ లేదు, మధ్యలో రాసుకునే వరుసలు మాత్రం పెరుగుతాయి.

ఇక తెలివైన పిల్లలు తప్పకుండా అడిగేది స్ట్రాసెన్ గురించి. వోల్కర్ స్ట్రాసెన్ 1969లో 2×2 మాత్రికలకు 8 గుణకారాలు అక్కర్లేదు, 7 చాలని చూపించాడు. కంప్యూటర్‌లో చాలా పెద్ద మాత్రికలను ముక్కలు చేసి ఇలా గుణిస్తే లాభం పోగవుతుంది. చేత్తో చేస్తే? పైన ఫాల్క్ అమరికలో రాసిన లెక్కనే ఇలా చేసి చూశాను. ఏడు లబ్ధాలు 66, 25, −10, −12, 30, −6, −8 వచ్చాయి. 16 రావడానికి 66లోంచి 12, 30, 8 తీసేయాలి. ఒక్క గుణకారం తగ్గించుకోవడానికి 4 కూడికల పని 18 కూడికలు, తీసివేతలదాకా వెళ్లింది. అణా ఆదా కోసం అర్ధరూపాయి ఆటోకి పోసినట్టు. ముచ్చట కోసం ఒకసారి చేసి పక్కన పెట్టండి.

ఏ దారిన వెళ్లినా సరిచూడటానికి ఒక ఉపాయం ఉంది, ఫాల్క్ అమరికలో అది మరీ బాగా అతుకుతుంది. రెండో మాత్రికకు కుడిపక్క ఒక అదనపు కాలమ్ వేసి, ప్రతి రో మొత్తం రాయాలి. సున్నాల లెక్కలో అవి 7, 8, 9. మొదటి మాత్రికతో ఈ కాలమ్‌నూ గుణిస్తే 25, 24, 9 వస్తాయి. జవాబు రోల మొత్తాలు చూడండి: 4+13+8, 9+0+15, 1+6+2. సరిపోయాయి. ఒకే రోలో రెండు అంకెలు తారుమారైతే మాత్రం ఇది పట్టుకోదు. 2×2 అయితే నిర్ధారకం (ప్రధాన వికర్ణం అంకెల లబ్ధంలోంచి రెండో వికర్ణం అంకెల లబ్ధం తీసేస్తే వచ్చేది) కూడా చూడొచ్చు. ఫాల్క్ లెక్కలో రెండు మాత్రికల నిర్ధారకాలు 5, 28 గుణిస్తే 140, జవాబు నిర్ధారకం 400 − 260, అదీ 140.

చివరి మాత్రిక ఒకే కాలమ్ అయితే, పద్ధతి కన్నా ముందు ఎటునుంచి మొదలుపెట్టాలో చూసుకోవాలి. రెండు 3×3లు, చివర ఒక 3×1 ఉంటే ఎడమనుంచి చేస్తే 36 గుణకారాలు, కుడినుంచి చేస్తే 18. మాత్రికల వరుస మార్చకూడదు గానీ బ్రాకెట్లు ఎక్కడైనా పెట్టుకోవచ్చు. ఆ అమ్మాయి తెచ్చిన మూడు జవాబుల లెక్క చివర ఒక 3×1 ఉంది. ఆమె మూడుసార్లూ ఎడమనుంచే మొదలుపెట్టింది.